షిమోకితాజావాలో టాలీవుడ్

టోక్యోలో షిమోకితాజావా అని ఒక పేట ఉంది. ఇరుకు సందులు, పాత బట్టల కొట్లు, భుజాన గిటార్ వేసుకుని తిరిగే కుర్రాళ్లు, చిన్న చిన్న నాటకాల హాళ్లు. ఆ సందుల్లోనే ఒక సినిమా హాలు ఉంది. దాని పేరు టాలీవుడ్. జపాన్ వాళ్ల నోట్లో అది ‘తోరివుద్దో’ అవుతుంది. యాభై సీట్లు కూడా ఉండవు. ఎక్కువగా షార్ట్ ఫిల్ములు ఆడించే హాలు.

2015 చివర్లో ఉద్యోగం మీద టోక్యో వచ్చాను. వచ్చిన రెండో ఆదివారమే, ఎవరినీ తోడు రమ్మనకుండా, ఆ హాలు వెతుక్కుంటూ వెళ్లాను. మన సినిమాల పేరు పరాయి దేశంలో బోర్డు మీద చూద్దామని కాదు. 2002 ఫిబ్రవరి 2న ఆ హాల్లో ఇరవై అయిదు నిమిషాల యానిమేషన్ సినిమా ఒకటి విడుదలైంది. పేరు ‘హోషి నో కోయె’. నక్షత్రం గొంతు అని అర్థం. తీసినాయన మకోతో షింకాయ్. నేను ఆ సినిమా చూసింది మాత్రం హైదరాబాద్‌లో, తెల్లవారుజామున మూడింటికి, ఎవరో రైట్ చేసిన సీడీలో.

అది 2005. డిగ్రీ అయ్యాక అమీర్‌పేటలో మల్టీమీడియా కోర్సు చేశాను. అప్పట్లో మైత్రీవనం చుట్టుపక్కల ఎటు చూసినా కోర్సుల బోర్డులే. నాన్న కౌలుకి చేసే రెండెకరాల పంట డబ్బులు ఆ ఫీజుకే పోయాయి. బొమ్మలు గీస్తాను, వాటిని కదిలిస్తాను, ఎప్పటికైనా నా కథ నేనే తీసుకుంటాను అని మనసులో ఉండేది. కోర్సు అయ్యాక దొరికింది రోటో ఆర్టిస్ట్ ఉద్యోగం.

రోటో అంటే తెలియనివాళ్ల కోసం చెప్తాను. ఎక్కడో విదేశంలో తీసిన సినిమాలో ఒక మనిషి పరిగెత్తుతుంటాడు. అతని వెనకాల ఉన్న వీధి తీసేసి ఇంకో నగరం పెట్టాలి. అలా పెట్టాలంటే ముందు మనిషిని వీధిలోంచి విడదీయాలి. ప్రతి ఫ్రేమ్‌లోనూ అతని అంచు చుట్టూ గీత గీయాలి. సెకనుకి 24 ఫ్రేములు. అయిదు సెకన్ల షాట్‌కి 120. భుజానికి ఒక షేప్, మోచేతికి ఒకటి, వేళ్లకి విడివిడిగా, జుట్టుకి మళ్లీ వేరే. అంచు ఒక్క ఫ్రేమ్‌లో వణికినా షాట్ వెనక్కి వచ్చేసేది. ఒక అమ్మాయి చెవి దగ్గర ఎగిరే జుట్టు మీద నేను వరసగా నాలుగు రాత్రులు కూర్చున్నాను. ఆ అమ్మాయి ఎవరో, ఆ సినిమా ఏమిటో నాకు తెలియదు. ఫోల్డర్‌కి ఒక కోడ్ ఉండేది, అంతే.

నైట్ షిఫ్ట్‌లో నా పక్క సిస్టమ్ మీద కరీంనగర్ నుంచి వచ్చిన ఒక అన్న ఉండేవాడు. నాకంటే నాలుగేళ్లు పెద్ద. చేయి చాలా నెమ్మది, కానీ ఆయన చేసిన షాట్ ఒక్కటీ తిరిగి వచ్చేది కాదు. ఒకరోజు మూడింటి టీకి అందరూ కిందికి దిగుతుంటే నా కుర్చీ పట్టుకుని ఆపాడు. సంచిలోంచి ఒక సీడీ తీశాడు. దాని మీద మార్కర్‌తో ‘స్టార్ వాయిస్’ అని తెలుగులో రాసి ఉంది.

“తమ్మీ, ఇది చూడు. ఒక్కడే చేసిండు.”

ఒక హెడ్‌ఫోన్‌లో చెరో చెవి పెట్టుకుని చూశాం.

మికాకో, నోబోరు అని ఇద్దరు. ఒకే స్కూల్లో చదువుతుంటారు. మికాకోని అంతరిక్ష దళంలోకి తీసుకుంటారు. నోబోరు భూమి మీదే ఉండిపోతాడు. వాళ్లిద్దరి మధ్య ఉన్నదల్లా సెల్‌ఫోన్ మెసేజీలు. ఓడ దూరం వెళ్లేకొద్దీ మెసేజ్ రావడానికి పట్టే కాలం పెరుగుతుంది. మొదట రోజులు, తరవాత నెలలు, ఆ తరవాత ఏడాది. చివరికి ఓడ సిరియస్ నక్షత్రం దగ్గరికి చేరుతుంది. అక్కణ్ణుంచి వెలుగు రావడానికే ఎనిమిదేళ్లు దాటుతుంది, మెసేజ్‌కీ అంతే. ఆమె పదిహేనేళ్ల పిల్లగా పంపిన మాట అతనికి ఇరవై నాలుగో ఏట చేరుతుంది.

సినిమా మొదట్లోనే ఆ పిల్ల తన చిన్నప్పటి నమ్మకం ఒకటి చెప్తుంది. ప్రపంచం అంటే సెల్‌ఫోన్ సిగ్నల్ అందినంత మేర అనుకునేదట. నాకు అక్కడే గొంతు పట్టేసింది. మా ఊరు తణుకు దగ్గర. ఇంట్లో ఫోన్ లేదు. సందు చివర ఎస్టీడీ బూత్ ఆయనకి చేసి, పది నిమిషాల తరవాత మళ్లీ చేస్తే అమ్మ వచ్చి అందుకునేది. ఆ పది నిమిషాలూ రూమ్ బయట మెట్ల మీద కూర్చుని చేతిలో ఫోన్ చూసుకుంటూ ఉండేవాణ్ణి. అమ్మ రొప్పుకుంటూ ముందు “తిన్నావా” అనేది.

సినిమా అయిపోయాక పేర్లు వచ్చాయి. రచన, దర్శకత్వం, బొమ్మలు, ఎడిటింగ్, వరసగా అదే పేరు. సంగీతం టెన్మోన్ అని ఒకాయన. మొదటి వెర్షన్‌లో నోబోరు గొంతు కూడా షింకాయ్‌దే, మికాకో గొంతు ఆయన పెళ్లి చేసుకోబోతున్న అమ్మాయిది. అప్పటికి ఎన్ని వందల షాట్లు చేశానో నాకే లెక్క లేదు, నా పేరు మాత్రం ఏ తెర మీదా పడలేదు. ఇక్కడేమో తెర నిండా ఒకే ఒక్క పేరు.

ఇంకో సంగతి అన్న చెప్పాడు. షింకాయ్ ఈ సినిమా చేసింది 400 మెగాహెర్ట్‌జ్ పవర్ మ్యాక్ జీ4 మీద. అప్పటికి మా డెస్కుల మీదున్న సిస్టమ్‌లే దానికంటే చాలా వేగం. వాడిన సాఫ్ట్‌వేర్లు ఫొటోషాప్, ఆఫ్టర్ ఎఫెక్ట్స్, లైట్‌వేవ్, ఇంకా కమోషన్. ఆ చివరి పేరు వినగానే ఇద్దరం మా స్క్రీన్ల వైపు చూశాం. మేము రోటోకి రోజూ తెరిచేది కమోషనే. ఆ పనిముట్టే ఆయన చేతిలో సినిమా అయింది.

ఆ తరవాత ఆయన గురించి ఎక్కడ ఏం దొరికినా చదివాను. 1973లో నగానో కొండల్లో కౌమి అనే చిన్న ఊళ్లో పుట్టాడు. అసలు పేరు మకోతో నీత్సు. ఇంటివాళ్లది కన్‌స్ట్రక్షన్ వ్యాపారం. కొడుకు దాన్ని అందుకోవాలని తండ్రి ఆశ. ఆయన టోక్యో వెళ్లి చువో యూనివర్సిటీలో జపాన్ సాహిత్యం చదివాడు. యానిమేషన్ స్కూల్ మెట్లు ఎక్కలేదు. చదువయ్యాక ఫాల్కమ్ అనే వీడియో గేమ్ కంపెనీలో చేరి అయిదేళ్లు పనిచేశాడు. గేమ్ మొదట్లో వచ్చే వీడియోలు చేసేవాడు. యోధులు, కత్తులు, ఓడలు. పగలంతా అవి చేసి, రాత్రి ఇంటికొచ్చి తన సినిమా చేసుకునేవాడు.

అలా 1999లో పూర్తయింది ‘ఆమె, ఆమె పిల్లి’. అయిదు నిమిషాలు కూడా ఉండదు. నలుపు తెలుపు. ఒంటరిగా ఉండే ఒక అమ్మాయి జీవితాన్ని ఆమె పెంచుకునే పిల్లి చెప్తుంది. పిల్లి గొంతు షింకాయ్‌దే. అమ్మాయి ముఖం మనకి సరిగ్గా కనపడదు. తలుపు, కెటిల్, రైలు పట్టాలు, వాన. ఆ చిన్న సినిమాకి 2000లో డోగా సీజీ యానిమేషన్ పోటీలో పెద్ద బహుమతి వచ్చింది. ఆ ఏడాదే కాక్‌పిట్‌లో కూర్చుని చేతిలో సెల్‌ఫోన్ పట్టుకున్న ఒక పిల్ల బొమ్మ గీశాడు. దాంతో 2001లో ఉద్యోగం మానేశాడు. ఆ బొమ్మే మికాకో.

పని తెలిసిన కళ్లతో మళ్లీ చూస్తే నాకు ఇంకోటి అర్థమైంది. ఒక్కడు ఇరవై అయిదు నిమిషాలు ఎలా చేశాడు? మనుషులు నడవడం, మాట్లాడటం అన్నిటికంటే కష్టం. అవి తగ్గించాడు. మాటలు ఎక్కువగా ఉత్తరం చదువుతున్నట్టు వెనకనుంచి వస్తాయి, పెదవులు కదపక్కర్లేదు. తెర మీద ఆకాశం ఉంటుంది, కరెంటు తీగలు, ఖాళీ క్లాస్‌రూమ్, మెట్ల మీద పడే ఎండ ఉంటాయి. ఫొటోలు తీసుకుని వాటిని చూస్తూ ఫొటోషాప్‌లో రంగులు వేశాడు. యుద్ధ యంత్రాలు త్రీడీలో చేశాడు, వాటిని ఫ్రేమ్ ఫ్రేమ్‌కీ గీయక్కర్లేదు. మనుషుల్ని తక్కువ కదిలించాడు కాబట్టి మనుషులు లేని చోట్లు తెరని నింపాయి. ఆ వెలితే కథ అయింది. ఎదుటి మనిషి అందుబాటులో లేకపోవడం అనే బాధని, ఎదుటి మనిషిని గీసే తీరిక లేని ఒక్కడు చెప్పాడు. ఈ మాట ఎవరో రాస్తే చదివింది కాదు, ఆ రాత్రుల్లో నాకు తట్టింది.

2004లో ‘కుమో నో ముకో’ అని మొదలయ్యే పేరున్న పూర్తి నిడివి సినిమా తీశాడు. జపాన్ ఉత్తరాన ఆకాశాన్నంటే ఒక గోపురం, దాన్ని చేరుకోవడానికి ఇద్దరు కుర్రాళ్లు సొంతంగా కట్టుకునే విమానం. ఈసారి చుట్టూ టీమ్ ఉంది. ఆ ఏడాది మైనిచి ఫిల్మ్ అవార్డుల్లో యానిమేషన్ బహుమతి దానికొచ్చింది, జపాన్ యానిమేషన్‌లో పెద్దాయన మియజాకి సినిమా బరిలో ఉండగా. గొప్ప విషయమే. నాకు ఆ సినిమా మీద గౌరవం ఉంది కానీ గుండెలో పెట్టుకున్నది దాని తరవాతది, 2007లో వచ్చిన ‘సెకనుకి అయిదు సెంటీమీటర్లు’. చెర్రీ పూల రేకు నేలకి రాలే వేగం అది. మొత్తం 63 నిమిషాలు.

అందులో మొదటి భాగం గురించి కాస్త వివరంగా చెప్పాలి. తకాకి అనే పదమూడేళ్ల కుర్రాడు ఊరు మారిపోయిన స్నేహితురాలిని చూడటానికి ఒంటరిగా బయల్దేరతాడు. గోతోకుజిలో రైలెక్కి షింజుకు, ఓమియా, ఒయామా, చివరికి ఇవాఫునే. సాయంత్రం ఏడింటికి కలుసుకోవాలి. మంచు మొదలవుతుంది. ప్రతి స్టేషన్‌లో రైలు ఆగుతుంది, ఆలస్యానికి క్షమించమని అనౌన్స్‌మెంట్ వస్తుంది, మళ్లీ ఆగుతుంది. ఆమె కోసం రాసుకున్న ఉత్తరం గాలికి ఎగిరిపోతుంది. బోగీలో ఎవరూ లేరు. ‘నువ్వు ఇంటికి వెళ్లిపోయి ఉంటే బాగుండు’ అని ఆ పిల్లాడు ఏడుపు ఆపుకుంటూ కోరుకుంటాడు. రాత్రి పదకొండు దాటాక స్టేషన్ గదిలోకి అడుగు పెడితే, స్టవ్ పక్కన తల వంచుకుని ఆ పిల్ల ఉంటుంది. ఒళ్లో తను వండి తెచ్చిన అన్నం గిన్నె.

అది చూసిన సంవత్సరం నాకు బాగా గుర్తు, ఎందుకంటే ఆ సంక్రాంతికే ఊరెళ్లాను. హైదరాబాద్ నుంచి రాత్రి బస్సు. సూర్యాపేట దాటాక పొగమంచు కమ్మేసింది. ముందు లారీ ఎర్ర లైటు తప్ప ఏమీ కనపడటం లేదు. డ్రైవర్ చాలాసేపు రోడ్డు పక్కన ఆపేశాడు. నా ఫోన్‌లో చార్జింగ్ అయిపోయింది. తెల్లవారి అయిదింటికి దిగాల్సినవాణ్ణి పది దాటాక తణుకులో దిగాను. బస్టాండ్ సిమెంట్ బల్ల మీద నాన్న కూర్చుని ఉన్నాడు. మఫ్లర్, చేతిలో టార్చి. నాలుగున్నరకే వచ్చాడట. సైకిల్ హ్యాండిల్‌కి టిఫిన్ బాక్స్ వేలాడుతోంది. ఏమీ అనలేదు. “ఇడ్లీ చల్లారిపోయింది, ఇంటికెళ్లాక తిందువుగాని” అన్నాడు. తరవాత ఆ సినిమా పెట్టుకున్న ప్రతిసారీ ఇవాఫునే స్టేషన్ సీన్ దగ్గర నేను ఆపేసి కాసేపు కూర్చుంటాను. ఇప్పుడు నాన్న లేడు.

మా స్టూడియో 2009లో మూతపడింది. మూడు నెలల జీతం రాలేదు. అన్న విజయవాడ వెళ్లి పెళ్లి వీడియోలు ఎడిట్ చేసే పనిలో చేరాడు. నేను మళ్లీ అమీర్‌పేట వెళ్లి సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ నేర్చుకున్నాను. ఆ రోడ్డే, కోర్సే వేరు. అదే నన్ను టోక్యో దాకా తెచ్చింది. నిషికసాయ్‌లో ఇల్లు, చుట్టూ మనవాళ్లు, కిరాణా కొట్లో కందిపప్పు. ఏ కష్టమూ లేదు. కానీ బొమ్మలు గీయడం ఎప్పుడు మానేశానో గుర్తులేదు.

2016 ఆగస్టు 26న షింకాయ్ కొత్త సినిమా ‘కిమి నో నా వా’ వచ్చింది. నీ పేరు అని అర్థం. రెండో వారంలో టికెట్ దొరికింది. జపాన్ హాళ్లలో చివరి పేరు వెళ్లేవరకూ లైట్లు వేయరు, దాదాపు ఎవరూ లేవరు. ఆ రోజు చీకట్లో ముక్కు చీదుకునే చప్పుళ్ల మధ్య పేర్లు పైకి వెళ్తూనే ఉన్నాయి. మియజాకి దగ్గర పనిచేసిన మసాషి అందో, పాత్రల రూపం గీసిన మసయోషి తనాకా, ఇంకా వందలమంది. నాకు ఆ ఒక్క పేరు తెర గుర్తొచ్చింది. జపాన్‌లోనే ఆ సినిమా 2,500 కోట్ల యెన్లకు పైగా వసూలు చేసింది. పద్నాలుగేళ్ల కింద యాభై సీట్లు లేని హాల్లో మొదలైన మనిషి.

పెద్దవాడయ్యాక ఆయన మారిపోయాడనేవాళ్లు ఉన్నారు. నేనొప్పుకోను. ‘కిమి నో నా వా’లో ఒకమ్మాయీ ఒకబ్బాయీ ఒకరి శరీరంలోకి ఒకరు మారతారు, కానీ ఇద్దరి మధ్యా ఉన్నది మూడేళ్ల కాలం. అదే మికాకో, నోబోరుల దూరం. రచన ఇప్పటికీ ఆయనదే. సినిమా మొదలుకాకముందే మొత్తం కథని గీసి, వీడియోగా కూర్చి, ఆడామగా పాత్రలన్నిటికీ తన గొంతుతోనే మాటలు చెప్పి టీమ్‌కి చూపిస్తాడు. పిల్లికి గొంతిచ్చిన రోజుల్లో చేసిన పనే ఇది. ఆ తరవాత ఆ కథల్ని నవలలుగా కూడా తనే రాస్తాడు.

బొమ్మల విషయంలో నా ఓటు మాత్రం 2013లో వచ్చిన ‘కోతోనొహా నో నివా’కి. మాటల తోట. 46 నిమిషాలు. షింజుకు తోటలో వాన పడే పొద్దుల్లో కలుసుకునే ఇద్దరు, చెప్పులు కుట్టడం నేర్చుకునే పదిహేనేళ్ల కుర్రాడు, ఉద్యోగానికి వెళ్లలేకపోతున్న ఇరవై ఏడేళ్ల ఆమె. అందులో మనుషుల అంచులు చూడండి. ఆ గీతలు నల్లగా ఉండవు. ఆకుల మీంచి వచ్చే పచ్చదనం చెంప అంచుకీ, మెడకీ, చేతికీ అంటుకుని ఉంటుంది. మనిషి ఎక్కడ ముగిశాడో తోట ఎక్కడ మొదలైందో కన్ను ఒక్క క్షణం తేల్చుకోలేదు. నాలుగేళ్లు మనుషుల్ని వెనకాలున్న లోకం నుంచి కోసి తీసినవాణ్ణి నేను. ఆయన మనిషిని మళ్లీ లోకంలో కలిపేశాడు. ఆ షాట్ల దగ్గర నాకు చేతి వేళ్లలో ఏదో పాకినట్టు ఉంటుంది.

2019లో ఆయన తరవాతి సినిమా ‘తెన్కి నో కో’ని భారతదేశంలో విడుదల చేయమని మన దేశపు అభిమానులు ఆన్‌లైన్‌లో వేల సంతకాలు పెట్టారు. అక్టోబర్ 11న నిజంగానే మన హాళ్లలోకి వచ్చింది. హైదరాబాద్‌లో చదువుకుంటున్న మా చిన్నాన్న కూతురు మొదటి రోజే వెళ్లింది. హాలు నిండిపోయిందనీ, పేరు పడగానే ఈలలు వేశారనీ చెప్తుంటే నేను ఇక్కడ వంటింట్లో నిలబడి, ఆమె చెప్పిందంతా రెండుసార్లు చెప్పించుకున్నాను.

2017 ఫిబ్రవరిలో ఇవాఫునే వెళ్లాను. షింజుకు, ఓమియా, ఒయామా, తకాకి వెళ్లిన దారినే. ఒయామాలో ర్యోమో లైన్ రైలు ఎక్కాక, తలుపు పక్కన బటన్ కనిపించింది. చలి లోపలికి రాకుండా తలుపు ఎవరికి వారే తెరుచుకుని మూసుకోవాలి. సినిమాలో తకాకి ఇలాంటి తలుపే మూయడం మర్చిపోతాడు, పక్కనాయన చెయ్యి చాపి బటన్ నొక్కుతాడు, పిల్లాడు తడబడుతూ క్షమించమంటాడు. నేను ఎక్కి, మూసే బటన్ నేనే నొక్కి, తలుపు పక్కనే నిలబడ్డాను. ఆ రోజు మంచు లేదు. రైలు ఒక్క నిమిషం కూడా ఆలస్యం కాలేదు. ఇవాఫునేలో నాతో పాటు దిగింది ఇద్దరు ముసలివాళ్లు. చిన్న స్టేషన్, వెనకాల రాతి కొండ. లోపల గదిలో బెంచీ మీద ఒక గంట కూర్చున్నాను. ఇంటి దగ్గర చుట్టించుకున్న చపాతీ అక్కడే తిన్నాను, పూర్తిగా చల్లారిపోయి ఉంది.

పోయిన నెల మళ్లీ షిమోకితాజావా వెళ్లాను, ఈసారి మా పాపతో. దానికి ఏడేళ్లు, జపనీస్ నాకంటే బాగా చదువుతుంది. బోర్డు చూసి “నాన్నా, తోరివుద్దో” అని గట్టిగా చదివింది. బోర్డు కింద దాన్ని నిలబెట్టి ఫొటో తీసి, చాలా ఏళ్ల తరవాత అన్నకి పంపాను. ‘అన్నా, ఒక్కడే చేసిన సినిమా మొదట ఆడింది ఇక్కడే’ అని రాశాను.

జవాబు నాలుగో రోజు రాత్రి వచ్చింది. పెళ్లిళ్ల సీజన్, ఫోన్ చూసే తీరిక లేదట. కింద ఒక ఫొటో ఉంది. ప్లాస్టిక్ కవర్‌లో సీడీ, దాని మీద మార్కర్ రాత సగం చెరిగిపోయి ‘స్టార్ వా’ వరకే కనపడుతోంది.

“నడుస్తలేదు తమ్మీ, కానీ పారేయలె. పాప మస్తుగుంది. బొమ్మలేస్తదా?”

వేస్తుందన్నా, అని రాశాను. అది గీసిన పిల్లి బొమ్మ ఫ్రిజ్ మీద ఉంటే ఫొటో తీసి పంపాను.